పెరట్లో తడి

పొద్దున్నే పెరటి తలుపు తీసిన కోడలు ముక్కు మూసుకుంది. వాన చుక్క పడి నెలలైంది. అయినా గోడ పక్కన ఒక్క చారలో మాత్రం గడ్డి ఏపుగా పెరిగింది, అడుగేస్తే చిత్తడి. సెప్టిక్ ట్యాంకు నీళ్లు నేలలోకి ఇంకడానికి గొట్టాలు పాతిన చోటు అది.

"అంతా నీ బట్టల మెషిన్ పుణ్యమే," అన్నారు వెనకనుంచి మామగారు. "చేత్తో ఉతుక్కుంటే ఈ కంపు ఉండేదా?"

భార్య పోయాక కొడుకింటికి వచ్చిన మనిషి. కింద పడ్డా పైచేయి తనదే అనే రకం. దానికి తోడు ట్యాంకు ఖాళీ చేయడానికి వచ్చినతను కూడా, "ట్యాంకు బాగానే ఉందండి. నేల తాగలేనన్ని నీళ్లు వదులుతున్నారు. వాడకం తగ్గించండి, లేదంటే పెరడంతా తవ్వాల్సిందే," అని చెప్పి వెళ్లాడు. భర్త ఆమె వైపే చూశాడు.

కోడలికి ఏమీ పాలుపోలేదు. సరేలే అని వారం పాటు మెషిన్ ముట్టలేదు. తడి తగ్గకపోగా వంటింటి సింకు కూడా గుడగుడలాడడం మొదలెట్టింది. పగలు ఇంట్లో ఉండేది పెద్దాయన ఒక్కరే. మరి ఇన్ని నీళ్లు ఎక్కడివి? తిక్క రేగి ఒక మధ్యాహ్నం ఆఫీసు నుంచి వచ్చేసింది.

బాత్రూం తలుపు బార్లా తీసి ఉంది. మామగారు పీట మీద కూర్చుని దుప్పటి జాడిస్తున్నారు. ముంచడం, పారబోయడం, వాసన చూడడం, మళ్లీ బకెట్ నింపడం.

"ఎంత జాడించినా వాసన పోవడం లేదమ్మా," అన్నారు తలెత్తకుండా. "నిద్రలో నాకు తెలియడం లేదు."

కోపం ఎటు పోయిందో, జాలి ఎప్పుడొచ్చిందో ఆమెకే అర్థం కాలేదు. దుప్పటి రెండో కొస తను పట్టుకుంది. ఇద్దరూ కలిసి పిండారు.

సాయంత్రం భర్త పెరట్లోంచి విసుగ్గా వచ్చాడు. "ఇంకా తడిగానే ఉంది. అసలేం చేస్తున్నావు నువ్వు?"

"నాదే పొరపాటు. పంపు కట్టేయడం మర్చిపోతున్నా."

మామగారు టీ కప్పు కింద పెట్టారు. "అబద్ధంరా. అమ్మాయి కాదు, నేను. పక్క తడుపుకుంటున్నాను. మీకు తెలియకూడదని రోజంతా ఉతుకుతున్నాను. చేసింది నేను, మాట పడింది తను."

"నాతో చెప్పొచ్చుగా నాన్నా."

"కొడుకుతో ఎలా చెప్పమంటావు?"

అతను వచ్చి తండ్రి పక్కన కూర్చున్నాడు. "రేపు డాక్టరు దగ్గరికి వెళ్దాం," అన్నాడు మెల్లగా.

తెల్లవారింది. మామగారు దుప్పటి చుట్ట చంకలో పెట్టుకుని వచ్చి, మెషిన్ ముందు అయోమయంగా నిలబడ్డారు.

"దీన్ని ఎలా తిప్పాలమ్మా?"

కోడలు కళ్లు తుడుచుకుంది. "మూత తీయండి మామయ్యా. ఒక్కసారి వేస్తే చాలు."