చెత్తదిబ్బ అని రాసిన జాగా

ఖాళీ జాగా కనబడితే గజం ఎంత అని అడుగుతారు. అందులో ఎవరున్నారని ఎప్పుడైనా అడిగారా మీరు? అడగరు. ఆ నవ్వు ఆపి వినండి.

మారేడ్‌పల్లిలో, గుట్ట వాలున, అలాంటి జాగా ఒకటుంది. పొద్దుగూకితే ఆటోవాళ్లు అటు సవారీ ఒప్పుకోరు. కుక్కలు కూడా ఆ గోడ పక్కన పడుకోవు. పోయినేడు దాకా దానికి ఆ చెడ్డపేరు లేదు. తెచ్చింది హరికిషన్. ఇందులో కొంత సలీం మేస్త్రీ చెప్పింది, కొంత హరికిషనే ఏడుస్తూ సలీంకు చెప్పుకున్నది.

జాగా హరికిషన్‌కూ, చనిపోయిన తమ్ముడి భార్య హిమజకూ ఉమ్మడిది. నేల ఎగుడుదిగుడు. చదును చేయాలంటే సర్కారు అనుమతి కావాలి. అనుమతికి ఇద్దరి సంతకాలూ కావాలి. హిమజ పెట్టనంది. జాగాలో ఒక మూల, చిన్న మట్టిదిబ్బ కింద, ఆమె పాప ఉంది. పసిగుడ్లను కాల్చరు కదా, పూడ్చిపెడతారు.

“బావా, ఆ గుంత తవ్వింది మీరే గద. మూడేళ్లకే మర్చిపోయిన్రా?”

“ఊకో హిమజా. మట్టి మట్టిల కలిసింది. ఇంక అక్కడేమున్నది?”

“నేనైతే సంతకం పెట్ట.”

అతను బతిమాలలేదు. ఆమె సంతకం తనే పెట్టాడు. దరఖాస్తులో ‘సమాధులు ఉన్నాయా’ అన్నచోట లేవు అని రాశాడు. ‘తొలగించవలసినవి’ అన్నచోట — చెత్తదిబ్బ అని రాశాడు.

తెల్లారితే అధికారి చూడడానికి వస్తాడు. దిబ్బ చూసి ఇరుగుపొరుగు ఎవరైనా నోరు విప్పితే? అందుకే ముందురోజు చీకటి పడ్డాక సలీంను పిలిపించి తవ్వించాడు. మట్టిని గోడ అవతల పోయించాడు. చెత్తే అనుకుని గడ్డపార వేసిన సలీంకు నల్లగాజు ఒకటి దొరికింది. రెండు వేళ్లు దూరేంత... పసిపిల్లలకు వేసేది.

“సార్, ఇదేంది?”

“పారెయ్.”

సలీం పారేయలేదు. గోడ మీద పెట్టాడు.

ఇక పొద్దున అధికారికి చెప్పడానికి మట్టం, అంటే ఎత్తుపల్లాల లెక్క, చూడాలి. పొడుగాటి నీళ్ల పైపు — ఈ కొసన ఒకరు, ఆ కొసన ఒకరు ఎత్తి పట్టుకుంటే రెండు వైపులా నీళ్లు ఒకే ఎత్తున నిలుస్తాయి. “రాత్రి ఇషా నమాజుకు పోయొస్తా సార్” అని సలీం నీళ్లు పోకుండా తన కొసను మడిచి కట్టి ఆ మూల పెట్టి వెళ్లాడు.

హరికిషన్ గొణుక్కుంటూ తన కొస పట్టుకుని నిలబడ్డాడు. వీధిదీపం ఆ మూల దాకా రాదు. కాసేపటికి... పైపు కదిలింది. అవతల ఎవరో మడత విప్పి ఎత్తారు.

“వచ్చినవా? సక్కగ పట్టు.”

అతని వైపు నీళ్లు దిగిపోతున్నాయి. అవతల కొస కిందికుంటే అంతే, నీళ్లు అటు పారుతాయి.

“జెర పైకెత్తు. నడుము కాడ పట్టుకుంటరా ఎవరన్నా? మేస్త్రీవేనా నువ్వు?”

నీళ్లు ఇంకా దిగాయి. ఆ మూల, కొత్త మట్టి మీద — టప్... టప్...

“ఎత్తుమంటే సమజైతలేదా?”

చీకట్లోంచి, చాలా కిందినుంచి, గుసగుసగా —

“నాకు గంతే అందుతది... పెద్దనాన్నా.”

అప్పుడే వెనక గేటు కిర్రుమంది. సలీం టోపీ మడిచి జేబులో పెట్టుకుంటూ లోపలికి వస్తున్నాడు.

“ఎవరితోని మాట్లాడుతున్నరు సార్?”

ఫోన్ లైటు వేశాడు. ఆ మూల ఎవరూ లేరు. పైపు కొస తడిమట్టిలో పడి ఉంది. గోడ మీద ఉండవలసిన నల్లగాజు — దానికి తొడిగి ఉంది.

పొద్దున అధికారి వచ్చాడు. అభ్యంతరమేమీ లేదన్నాడు. పదిరోజులకు అనుమతి వచ్చింది. ఆఫీసులో ఆ కాగితం అందుకోబోతే హరికిషన్ కుడిచెయ్యి నడుము దాటి లేవలేదు. దొంగసంతకం పెట్టిన చెయ్యి. ఎముకలో, నరంలో ఏ లోపమూ లేదన్నారు డాక్టర్లు.

జాగా అలాగే పడి ఉంది. అతను ముద్ద ఎడమచేత్తో తింటాడు. నిలబడితే కుడిచెయ్యి నేలనుంచి మూడడుగుల దాకా లేస్తుంది.

ఆపైన అందదు.