మూడు గర్జనల భోజనం

కుంకుమగిరి రాజ్యానికి రాకూడని కష్టం వచ్చిపడింది. రాజుగారి బడిలోని పిల్లలందరూ ఒక్క మధ్యాహ్నంలో గోరువంకలైపోయారు. ఎందుకంటారా? చీకటికోన రాక్షసి తన కూతురు గింగిరిని ఆ రోజే బడిలో చేర్చింది. అన్నం ముందు కూర్చుని గింగిరి మూడుసార్లు గర్జించింది. పిల్లలు పడీపడీ నవ్వారు. పెద్దమనిషైన పంతులుగారు కూడా మీసాల చాటున నవ్వారు. ఏడుస్తూ ఇంటికొచ్చిన కూతుర్ని చూసి రాక్షసి శాపం పెట్టింది. పున్నమిలోగా శాపం తీరకపోతే పిల్లలు జన్మంతా పిట్టలే.

కట్టెలు కొట్టే వీరన్న కూతురు, పదహారేళ్ళ నూకాలు కూడా ఆ బడిపిల్లే; ఆ వేళ నీళ్ళకు వెళ్ళి తప్పించుకుంది. ఆమె తమ్ముడు గోరువంకై ఇంటి చూరు మీద వాలాడు. కత్తులతో వెళ్ళిన ముగ్గురు సేనాపతులు కోనలో రాళ్ళయ్యారని తెలిసీ, నూకాలు ఒట్టి చేతులతో బయలుదేరింది.

ముళ్ళ అడవి ఒళ్ళంతా గీరింది. మొసళ్ళ వాగును తాటిదుంగ మీద దాటింది. కోన దగ్గర రెండు తలల పులి అడ్డుపడింది.

"ఎవర్ని చంపడానికి?" అంది ఒక తల.

"ఎవర్నీ కాదు. ఒక మాట చెప్పుకోవాలి."

అలాంటి జవాబు పులి ఎన్నడూ వినలేదు. పక్కకు తప్పుకుంది.

గుహలో నూకాలును చూడగానే గింగిరి తన తల్లి వెనక నక్కింది. "మళ్ళీ నవ్వడానికొచ్చావా?" అని రాక్షసి చెయ్యెత్తింది.

నూకాలు ఒక అడుగు ముందుకేసింది. ఎవరికీ తెలియని సంగతి చెప్పాలి మరి. "ఆ రోజు ముందు నవ్వింది నేనే, అమ్మా. నవ్వేసి నీళ్ళకు పోయాను. ఆ శాపమేదో నాకు పెట్టు. వాళ్ళను వదిలెయ్."

గింగిరి మెల్లగా తల బయట పెట్టింది. "ఎందుకు నవ్వావు?"

"తెలియక. నువ్వెందుకు గర్జించావు?"

"ఒకటి వానకి దణ్ణం. ఒకటి చెట్టుకి. ఇంకోటి, ఆకలితో ఎవరైనా ఉంటే వచ్చి తినమని."

నూకాలుకు సిగ్గుతో కళ్ళు నిండాయి. "మా ఇంట్లో అలా ఎవర్నీ పిలవం," అంది.

రాక్షసి చెయ్యి దించింది. "నూరేళ్ళుగా జనం నన్ను చూసి పారిపోయారు, లేదా కత్తి దూశారు. ఎందుకని అడిగింది నువ్వే. నీ వాళ్ళను వదిలేస్తాను. కూర్చో, తిను."

పున్నమి ఉదయాన నూకాలు, గింగిరి పులి మీద ఊళ్ళోకి వచ్చారు. చూరుల మీది గోరువంకలు మళ్ళీ పిల్లలై దబదబా దూకారు. తమ్ముడు పరుగున వచ్చి అక్కను వాటేసుకున్నాడు. రాళ్ళయిన సేనాపతులు కూడా సాయంత్రానికి కాళ్ళీడ్చుకుంటూ చేరారు.

రాజు అర్ధరాజ్యం ఇస్తానన్నాడు. "బడి నడిపే పని నాకప్పగించండి, చాలు," అంది నూకాలు.

మొదటి రోజు నూకాలు ఎవర్నీ పుస్తకం తెరవనివ్వలేదు. పక్కన కూర్చున్నవాళ్ళ గురించి తెలియనిదేదో అడగమంది. పంతులుగారూ చాప మీద కూర్చుని అడిగారు. ఆ సందడి కోటదాకా వినబడి రాజే పరుగెత్తుకొచ్చాడు.

గింగిరి ఆయన్ను ఎగాదిగా చూసింది. "రాజుగారూ, ఆ కిరీటం బరువుగా ఉండదా?"



"ఉంటుంది, తల్లీ," అన్నాడు రాజు. కిరీటం తీసి కింద పెట్టి, ఆమె పక్కన చాప మీద చతికిలబడ్డాడు.