ఎడమవైపు తిరగండి

ఆ మలుపు పేరెత్తితే బళ్ళు తోలేవాళ్ళు గొంతు తగ్గిస్తారు. పాత రోడ్డు ఎడమకి చీలే చోట, అర్ధరాత్రి దాటాక ఒక ఆడమనిషి నిలబడుతుందట. జుట్టు విరబోసుకుని, రెండు చేతులూ ఎత్తి బండికి అడ్డం వస్తుందట. అద్దం దించావా... అంతే, తెల్లారడం చూడవు.

ఈ మాట లాండ్రీ వ్యాను డ్రైవరు పెళ్ళాం చెవిన పడింది. ఆమె కుట్టుమిషను తొక్కుకుని బతికే మనిషి. మొగుడు ఆ పనిలో కొత్తగా చేరాడు. ఆసుపత్రి దుప్పట్లు తెల్లారేలోగా చేర్చాలి. ఒక్కరోజు ఆలస్యమైనా ఇక రానక్కర్లేదన్నాడు ఓనరు. దారి చూపడానికి ఒక పాత ఫోను చేతిలో పెట్టాడు. బీటలు వారి, రబ్బరుబ్యాండు కట్టి ఉంది.

"సార్, ఇందులో మ్యాపు ఎప్పటిదో. కొత్తది ఎక్కిద్దామంటే ఈ ఫోనుకి కుదరదంటోంది."

"దారులకేమన్నా కాళ్ళొచ్చాయా, నడిచిపోడానికి? అది చెప్పినట్టు పో!"

పనిలోకి దిగిన మొదటి రాత్రి. ఆమెకి కంటిమీద కునుకు లేదు. మొగుడి సొంత ఫోనుకి కొట్టింది.

"ఎక్కడున్నావయ్యా?"

"ఆ మలుపు దగ్గరికే వస్తున్నా..."

వెనకాల పాత ఫోను గొంతు — "రెండు వందల మీటర్లలో ఎడమవైపు తిరగండి."

ఉన్నట్టుండి అతని గొంతు సన్నబడింది. "ఒసే... నిలబడి ఉందే..."

"అద్దం దించకు!"

"చేతులూపుతోంది... ఏదో అరుస్తోంది..."

"అటు చూడకయ్యా! నీకు దణ్ణం పెడతా, ఆగకు!"

దబ్... దబ్... దబ్... అద్దం మీద అరచేతి దెబ్బలు. మంచం మీద కూర్చున్న ఆమెకి కూడా వినబడ్డాయి.

"పోనీయ్! తొక్కు!"

తొక్కాడు.

"నేరుగా వెళ్ళండి," అంది పాత ఫోను.

పెద్ద చప్పుడు. తరవాత ఏమీ లేదు... కాసేపటికి, ఎక్కడో లోతులోంచి — "నేరుగా వెళ్ళండి."

తెల్లారి ఆమె పడుతూ లేస్తూ వెళ్ళేసరికి, ఎండిన వాగులో బండల మీద వ్యాను తల్లకిందులై ఉంది. చుట్టూ తెల్ల దుప్పట్లు. పాత రోడ్డు మీది వంతెన లేదు. పోయిన వానలకే కొట్టుకుపోయింది. అడ్డం పెట్టిన డబ్బాల్ని ఇసుక లారీలవాళ్ళు పక్కకి నెట్టేశారు.

గట్టుమీద ఒక ఆడమనిషి కూర్చుని ఉంది. జుట్టు విరబోసుకుని. అరచేతులు రెండూ కమిలిపోయి.

"నీ మొగుడికంటే ముందు ఈ పని నా మొగుడిది తల్లీ. ఇదే ఫోను. ఇక్కడే పోయాడు. అప్పట్నించీ రాత్రిళ్ళు అడ్డం నిలబడుతున్నా. వంతెన లేదు బాబూ అని మొత్తుకున్నానమ్మా... అద్దం దించలేదు. ఎవరేం నూరిపోశారో, నావైపు చూడనైనా చూళ్ళేదు."

ఆమె పిడికిట్లోని తన ఫోనుకేసి చూసుకుంది.

కింద ఓనరు ఫోను ఏరుకుని చొక్కాకి తుడుచుకున్నాడు. "పాత సరుకు గట్టిది," అన్నాడు.

నెల తిరిగేసరికి, ఆ మలుపులో ఇప్పుడు రెండు దెయ్యాలున్నాయని పుకారు పుట్టింది. ఆ పుకారు వెనకే కొత్త వ్యానూ వచ్చింది.

ఇద్దరూ ఎదురు పరిగెత్తారు. ఆమె గొంతు చించుకుని అరుస్తూ అద్దాన్ని రెండు చేతులా బాదింది. లోపల, రబ్బరుబ్యాండు కట్టిన ఫోను వెలుగుతోంది. డ్రైవరు కొయ్యబారిపోయి, ఇంకో ఫోను చెవికి అదుముకున్నాడు.

అవతల ఎవరో ఇల్లాలు. ఏం చెబుతోందో ఆమె వినక్కర్లేదు...

తొక్కాడు.