దర్జీ కొరికిన దారం

"ముఖం చూడు," అంటూ గూఢచారి డిపార్ట్‌మెంట్ పెద్దాయన రెండు కాగితాలు బల్ల మీదికి తోశారు.

ఏజెంట్ వసపిట్ట చూశాడు. ఒకటి పాతికేళ్ల కుర్రాడి ఫోటో. రెండోది అదే ముఖానికి డిపార్ట్‌మెంట్ ఆర్టిస్టు ఇరవై ఏళ్ల వయసు కలిపి గీసిన బొమ్మ. పలచబడ్డ జుట్టు, బూరెల్లాంటి బుగ్గలు, రెండు మడతల గడ్డం.

"దర్జీ," అన్నాడు వసపిట్ట.

"వాడే. నీ బావమరిదిని చంపినవాడు. చూస్తుంటే ఏమన్నా అనిపిస్తోందా?"

"లేదు సార్."

"అయితే నువ్వే వెళ్లు. ఏదో అనిపించేవాణ్ణి పంపితే పని చెడగొట్టుకొస్తాడు."

వసపిట్ట అనేది అతని కోడ్ నేమ్. సర్వీసులో చేరిన కొత్తలో నోరు మూతపడేది కాదని పెట్టారు. పోయినేడాది అతని బావమరిది, భార్యకు ఒక్కగానొక్క తమ్ముడు, ఈ డిపార్ట్‌మెంట్‌లోనే అతనికి జంటగా పనిచేసినవాడు, రైల్వే వెయిటింగ్ రూములో ఒక సోఫా మీద కూర్చుని మళ్లీ లేవలేదు. సోఫా మెత్తలో బాంబు పెట్టి కుట్టింది దర్జీ. వాడి పనితనమే అంత. కోటు లైనింగులో, దిండులో, బ్యాగు అడుగున, ఎక్కడ పెట్టినా కుట్టు కనపడదు. ఆ రోజు నుంచి వసపిట్టకు ఆ వాగుడు పోయింది. దుఃఖమూ రాలేదు. ఆకలి వేస్తే తిన్నాడు, నిద్ర వస్తే పడుకున్నాడు. లోపల ఏదో తిమ్మిరెక్కి అలాగే ఉండిపోయింది. కోడ్ నేమ్ మాత్రం ఎవరూ మార్చలేదు. ఫైళ్లన్నీ మళ్లీ టైపు చేయాలి కదా!

"కబురు ఎవరిది సార్?"

"నెమలిది. దర్జీ రేవు పట్నంలో ఉన్నాడట. ముఠాలో ఒక్కళ్లు కూడా వాడి ముఖం చూడలేదు, ఫోన్లో గొంతు వినడమే అని ఆవిడే రాసిచ్చింది. ఇంకో మాట. జనం చేసే ఫోన్ల వల్ల సరిహద్దు అవతలి ముఠా మనుషులు వరసగా దొరికిపోతున్నారు. ఆ ఫోన్లు ఆపించే ఎత్తు ఏదో వేశారట. ఏమిటో ఆవిడకీ తెలీదట."

జనం కళ్లతో దొంగల్ని పట్టడం పాత విద్యే. పెద్దాయన తాతగారి కాలంలో డప్పు కొట్టి, మనిషి ఎత్తూ లావూ చదివేవారు. డప్పు వినపడగానే ముందు దొంగే ఊరు దాటేసేవాడు. తర్వాత పోస్టాఫీసు గోడలకు బొమ్మలు అంటించారు. జనం వాటికి మీసాలు గీసి పెట్టారు. ఆ తర్వాత అగ్గిపెట్టెల మీద అచ్చు వేయించారు. ఒక ఘరానా హంతకుడు సిగరెట్ వెలిగించుకోబోయి తన ముఖం తనే చూసుకుని, కెవ్వుమని పరిగెత్తి దొరికిపోయాడని డిపార్ట్‌మెంట్‌లో చెప్పుకుంటారు. ఆ తర్వాత సినిమా ఇంటర్వెల్‌లో స్లైడులు. ఇప్పుడు టీవీ. వారానికోసారి సాయంత్రం 'ప్రజల కన్ను' వస్తుంది. తెర మీద ముఖం పడగానే పక్క హాల్లో ఫోన్లు మోగుతాయి.

మోగేవాటిలో తొంభై పాళ్లు తాలు. అల్లుడి మీద కోపమున్న అత్తగారు అల్లుడే హంతకుడని చెబుతుంది. అద్దె పెంచిన ఇంటాయన మీద అద్దెకున్నవాడు చెబుతాడు. తాలులోంచి గింజ ఏరడం ఎలాగో కనిపెట్టింది వసపిట్ట భార్య. ఆ హాల్లో ఏడో సీటు ఆమెది.

"ముఖం గురించి చెప్పేవాళ్లు టీవీ చూసినవాళ్లు," అనేది ఆమె. "విసుక్కునేవాళ్లే మనిషిని చూసినవాళ్లు."

నిజం కూడా అంతే. దొంగనోట్ల ఘనుడు ఒకడు దొరికింది, మేడ మీద ఆయన వేణ్ణీళ్లన్నీ తనే వాడేస్తున్నాడని కింది వాటా ఆవిడ గొణగబట్టి. విమానం ఎత్తుకుపోయినవాడు దొరికింది, రోజూ గేటు గడియ పెట్టకుండా పోతాడని పక్కింటాయన తిట్టబట్టి. దగ్గర లేని మనిషి మీద ఎవరికీ విసుగు రాదు. బావమరిది బతికి ఉండగా నవ్వేవాడు: "బావా, నువ్వు పారిపోతే మొదటి ఫోనుకే దొరికిపోతావు. మా అక్క దగ్గర నీ మీద ఉన్నన్ని ఫిర్యాదులు ఎవరి మీదా లేవు. ఆ తడి తువ్వాలు ఒక్కటి చాలదూ!"

వాడు పోయాక ఏడాదిగా ఆమె ఒక్క ఫిర్యాదు చేయలేదు. ఇంట్లో ఇద్దరూ లాడ్జిలో దిగిన అతిథుల్లా మర్యాదగా మసలుతున్నారు. తమ్ముణ్ణి చంపినవాడి గురించి ఏదో ఒక రోజు ఫోన్ మోగుతుందని ఆమె ఆ సీటు వదలకుండా కూర్చుంటోంది. ఆమెకు కావలసింది అదొక్కటే. అది తెచ్చి ఇవ్వడం తన పని అని వసపిట్టకు తెలుసు. తెలుసు, అంతే.

బయల్దేరే ముందు స్టూడియోకు వెళ్లాడు. గ్యాస్ స్టవ్‌లు బాగుచేసే మెకానిక్ వేషం, చేతిలో పనిముట్ల సంచి, చేతికి డిపార్ట్‌మెంట్‌లో పరికరాలు తయారుచేసే 'ఆటబొమ్మల గది'వాళ్లు ఇచ్చిన రేడియో వాచీ. హాల్లో భార్య కుర్చీకి కొత్త దిండు కనిపించింది. అందరి కుర్చీలకూ ఉన్నాయి.

"నెమలిగారు ఇచ్చారు," అంది ఆమె. "గంటల తరబడి కూర్చుంటున్నాం, నడుములు పోతాయని."

"ఊరెళ్తున్నా."

"సరే. భోంచేసి వెళ్లండి."

"చేశాను."

అంతే సంభాషణ.

నెమలి మేకప్ గదిలో అద్దం ముందు ఉంది. దేశమంతా గుటకలు మింగుతూ చూసే యాంకర్. ముఠాకు తను వాళ్ల మనిషినని నమ్మించిన డబుల్ ఏజెంట్ అని డిపార్ట్‌మెంట్ నమ్మకం. అద్దంలోంచే నవ్వింది.

"ఎలా గుర్తుపట్టాలి వాణ్ణి?" అడిగాడు వసపిట్ట.

"బొమ్మ ఉందిగా. బుగ్గలు, గడ్డం, అంతా అలాగే ఉంటుందట." భుజం మీద అంటుకున్న చిన్న దారప్పోగును గోటితో తీసి, ముక్కు చిట్లించింది. "ఎక్కడ కూర్చుంటే అక్కడ దారం పళ్లతో కొరికి ఉమ్ముతాడు. ఛీ! చెప్పినా వినే రకం కాదు. జాగ్రత్తగా వెళ్లిరండి."

వసపిట్ట తలూపి బయటికి వచ్చాడు.

ఊరు దాటాక రైలు గేటు పడింది. కార్లో వాచీ విప్పి చూశాడు. డిపార్ట్‌మెంట్ పలకాల్సిన చోట ఏదో స్టేషన్ వాతావరణ సూచన వస్తోంది. డ్రైవరు స్టీరింగ్ మీద చెయ్యేసి గొణుక్కుంటున్నాడు.

"మా రూములో ఒకాయన ఉన్నాడు సార్. పొద్దున్నే ముక్కు చీదడం మొదలెడితే వీధి చివరిదాకా వినిపిస్తుంది. ఎన్నిసార్లు చెప్పినా వినడు."

"పక్క మంచమేనా?"

"పక్క మంచమే సార్. లేకపోతే నాకెందుకీ గోల?"

రైలు వస్తోంది. వసపిట్ట పట్టాల వైపు చూస్తున్నాడు. చెప్పినా వినడు. చెప్పినా వినే రకం కాదు. ఎవరూ చూడని మనిషి మీద నెమలికి అంత విసుగు ఎక్కడిది? అది టీవీ చూసినవాళ్ల మాట కాదు. పక్క మంచం మాట.

భుజం మీద దారప్పోగు. కొత్త దిండ్లు. ఏడో సీటు.

"బండి తిప్పు," అన్నాడు.

"రేవు పట్నం సార్..."

"తిప్పు!"

వాళ్లు స్టూడియో చేరేసరికి ప్రోగ్రామ్ మొదలైపోయింది. ఎర్ర దీపం వెలుగుతోంది. అద్దాల గోడకు ఇటు నెమలి, అటు ఫోన్ల హాలు. కెమెరాకు రెండూ కనిపిస్తాయి. జనం ఫోన్ చేయడం మానాలంటే ఏం చేయాలో వసపిట్టకు అప్పుడు పూర్తిగా అర్థమైంది. దేశమంతా చూస్తుండగా, ఫోన్లు ఎత్తే ఆడపిల్లలందరూ ఒక్కసారిగా పేలిపోతే, ఆ తర్వాత ఎవడు ఫోన్ ముట్టుకుంటాడు?

లోపలికి పరిగెత్తి అరిస్తే నెమలి చూస్తుంది. ఆవిడ ఏ సైగ చేసినా చాలు. వసపిట్ట గార్డు బల్ల మీది ఫోన్ తీశాడు. "ఏడో సీటు ఇవ్వు."

"ప్రజల కన్ను. చెప్పండి."

"ఆచూకీ ఒకటి ఉందండీ," అన్నాడు.

అటువైపు ఆమె పేరు అడగలేదు. "ఎక్కడ చూశారు?"

"మీ నడుం వెనక. ఆ దిండు దర్జీ కుట్టిందే. అన్నీ వాడివే. అద్దం అవతల ఉన్నావిడ వాడి మనిషి. ఎవరూ పరిగెత్తకూడదు."

"మనిషిని కళ్లారా చూశారా?" ఆమె గొంతు మామూలుగానే ఉంది. ప్రతి ఒక్కరినీ అడిగే ప్రశ్నే.

"ఇంకా లేదు. చూడ్డానికే పోతున్నా."

"సరే. పెట్టేయండి."

అద్దంలోంచి చూశాడు. ఆమె లేచి రెండు చేతులూ నడుం మీద పెట్టుకుంది. తర్వాత నోరు విప్పింది.

"ఇవేం దిండ్లే తల్లీ! మేకులు కూరారో రాళ్లు కూరారో, నడుం విరిగిపోతోంది. ఇచ్చేవాళ్లకేం, ఇస్తారు, కూర్చునేవాళ్లకు తెలుస్తుంది. ఏయ్, నీది కూడా ఇటివ్వు. నవ్వకు, ఇవ్వు!"

టీ బండి లాక్కొచ్చి, గొణుక్కుంటూ, ఒక్కొక్క కుర్చీ దగ్గరా దిండు లాగి బండి మీద వేసుకుంటూ పోయింది. నెమలి ఓరగా చూసి పెదవి విరిచింది. నడివయసు ఆడమనిషి సణుగుడు ప్రపంచంలో ఎవరికీ వింత కాదు. బండి వెనక తలుపు వైపు కదిలింది. బాంబులన్నీ ఇప్పుడు ఒక్కచోటే ఉన్నాయి. వాటితో పాటు ఉన్నది ఆమె ఒక్కతే.

పెద్దాయనకు కబురు చెయ్యమని గార్డుకు చెప్పి, వసపిట్ట కాస్ట్యూమ్ గది వైపు నడిచాడు. నెమలి భుజానికి దారప్పోగు అంటింది అక్కడే అయ్యుండాలి. దీపం కిందే చీకటి అంటారు. దేశమంతా వెతుకుతున్న మనిషి ఆ గదిలో నెమలి జాకెట్‌కు ఇస్త్రీ చేస్తున్నాడు. మెడలో టేపు, నెత్తిన విగ్గు, ఎండుపుల్లలాంటి మనిషి. ఆర్టిస్టు ఇరవై ఏళ్లూ సరిగ్గానే కలిపాడు గానీ, తిండి ఎక్కువ పెట్టేశాడు. నేల నిండా కొరికిన దారప్పోగులు. మూలన చిన్న టీవీలో నెమలి ఫోన్ నంబరు చదువుతోంది.

"ఇక్కడ స్టవ్ లేదు," అన్నాడు దర్జీ, టీవీ మీంచి చూపు తిప్పకుండా.

"ఉన్న మంట చూస్తాలే."

టీవీలో నెమలి చెయ్యి చెవి దగ్గరికి వెళ్లింది. కమ్మ తీసి బల్ల మీద పెట్టింది. దర్జీ చెయ్యి చాక్‌పీసుల డబ్బా మీదికి దూకింది. వసపిట్ట అరచెయ్యి ముందే దాని మీద పడింది. లోపల బాంబులు పేల్చే మీట చల్లగా తగిలింది.

దర్జీ ఆలస్యం చేయలేదు. ఇస్త్రీ పెట్టె ఎత్తి ఆ చేతి మీద పెట్టి అదిమాడు.

పొగ లేచింది. వాసన వచ్చింది. వసపిట్ట చెయ్యి తీయలేదు. వెనక తలుపు దాకా బండి ఎంత దూరం, మెట్ల దగ్గర దాన్ని దింపడానికి ఎవరైనా సాయం పట్టారా అని ఆలోచిస్తున్నాడు.

దర్జీ మొదటిసారి అతని ముఖంలోకి చూశాడు. "నీకు నొప్పి లేదా?"

"ఉండే ఉంటుంది. రేపు చూసుకుంటా." ఎడమ చేత్తో సంచిలోంచి స్పానర్ తీసి చెవి పక్కన ఒక్కటి ఇచ్చాడు. దర్జీ తన దారప్పోగుల మీదే పడిపోయాడు.

టీవీలో నెమలి నవ్వుతూనే ఉంది. కమ్మ వంక చూసింది. అద్దం వంక చూసింది. రెండో కమ్మ కూడా తీసింది. దేశమంతా చూస్తుండగా ఆ నవ్వు అలా అలా చల్లబడింది. తర్వాత పెద్దాయన బట్టతల ఫ్రేములోకి వచ్చి, "మేడమ్, కాస్త లేస్తారా?" అంది.

తీసుకుపోతుంటే ఆవిడ వసపిట్ట ముందు ఆగింది. "ఎక్కడ తప్పు చేశాను?"

"విసుక్కున్నారు," అన్నాడు వసపిట్ట.

భార్య స్టూడియో వెనక ఖాళీ స్థలంలో, బండికి దూరంగా మెట్ల మీద కూర్చుని ఉంది. బాంబుల స్క్వాడ్ వాళ్లు దిండ్లు విప్పుతున్నారు. అతను వచ్చి పక్కన నిలబడ్డాడు.

"దొరికాడా?"

"దొరికాడు."

ఏడుస్తుందేమో అనుకున్నాడు. ఏడవలేదు. "ఏడిస్తే బావుండును," అంది. "రావడం లేదు."

"నాకూ అంతే."

మర్నాడు పొద్దున చేతికి పెద్ద కట్టుతో, ఎడమ చేత్తోనే తంటాలు పడి స్నానం చేసి వచ్చాడు. ఒళ్లు తుడుచుకుని చొక్కా తగిలించుకుంటుంటే, కట్టు లోపల సన్నగా ఏదో మొదలైంది. మొదట దురద అనుకున్నాడు. కాదు. భగ్గుమని మంట. ఏడాది తర్వాత ఒంటికి తెలిసిన మొదటి సంగతి అది. కళ్లల్లో నీళ్లు తిరిగాయి. గోడ పట్టుకుని నిలబడ్డాడు.

వెనక పడగ్గదిలోంచి గొంతు వినిపించింది.

"ఏవండీ! మళ్లీ తడి తువ్వాలు మంచం మీదేనా? ఎన్నిసార్లు చెప్పాలి మీకు? పరుపంతా నానిపోయింది. చెయ్యి కాలితే కాలింది, బుద్ధి కూడా కాలిందా? ఛీ, మీతో వేగలేక చస్తున్నాను!" తర్వాత ఆమె ఏడుపు, పెద్దగా, ఏ మర్యాదా లేకుండా.

మంట చేతి నుంచి మోచేతి దాకా పాకింది. గోడ పట్టుకునే వసపిట్ట నవ్వాడు. ఏడాదిగా కనపడకుండా పోయిన మనిషి ఆచూకీ మొత్తానికి దొరికింది, ఫోన్ కూడా మోగకుండానే.