పత్తి మిల్లులో డబ్బాకు ఫర్మ్‌వేర్ ఎక్కించిన రాత్రి

శిరివెళ్ల దాటినాక ఆళ్లగడ్డ రోడ్డు పక్కన మూతబడిన పత్తి మిల్లు ఒకటుండేది. పొద్దు గూకినాక ఎంత అర్జెంటైనా ఎవురూ ఆడ బండి ఆపరు. తొంభై ఆరులో అందులోనే ఒక మనిషిని కొడవళ్లతో నరికి సంపినారు.

2008లో, ఇంటర్నెట్ డబ్బాలు బాగుచేసే నంద్యాల యాకోబు రాత్రిపూట అందులోకి పోయినాడు... ఒక్కడే.

చుట్టుపక్కల పల్లెలకు ఇంటర్నెట్ అందించే వైర్‌లెస్ డబ్బా ఆ మిల్లు మిద్దె మీది గదిలోనే ఉండేది. అది మాటిమాటికీ ఆగిపోతాంటే, దాన్ని నడిపించే కొత్త సాఫ్ట్‌వేర్, అదే ఫర్మ్‌వేర్ ఇమేజ్ ఫైలు, ల్యాప్‌టాప్ నుంచి ఎక్కించను పోయినాడు. జనం వాడుకోని వేళే ఆ పని చేయాల.

"ఇమేజ్ ఫైలంటే ఫొటో కాదన్నా," అని నాకు చెప్పినాడు యాకోబు. "డబ్బాను నడిపించే సరుకంతా అందులోనే ఉంటాది. డబ్బా అడుగున ఉండే మోడలు, వెర్షను, ఫైలు పేరులో ఉండేవి ఒకటే కావాల. వేరే ఫైలు ఎక్కినా, సగంలో కరెంటు పోయినా... డబ్బా సచ్చినట్టే."

కరెంటును నమ్మలేక బైకు బ్యాటరీ పీకి డబ్బాకు తగిలించినాడు. గది తలుపు గడియ పెట్టినాడు. ఫైలు పేరు రెండుసార్లు చూసుకోని మొదలుపెట్టినాడు.

ఇరవై శాతం... నలభై...

ధన్—

తలుపు మీద దెబ్బ. ఇంగొకటి. చెక్క చీలి గొడ్డలి అంచు లోపలికొచ్చింది.

పారిపోను వేరే దారి లేదు. యాకోబు మూలనుండే ఇనుప కడ్డీ అందుకున్నాడు. తలుపు కూలింది. చీకట్లోంచి ఒక ఆకారం గొడ్డలెత్తి మీదికి దూకింది. యాకోబు భుజం చీలింది. కడ్డీతో నెత్తిన కొట్టినాడు. మళ్లా కొట్టినాడు... మళ్లా. వెచ్చటి నెత్తురు మొఖాన చిమ్మింది.

"అమ్మా..." అంటా కూలిందా ఆకారం.

ల్యాప్‌టాప్ తిప్పి ఆ వెలుగులో చూసినాడు. దెయ్యం కాదు. పక్క చేను కాపలా హనుమంతు!

తెర మీద డెబ్బై రెండు శాతం. ఇంగా మూడు నిమిషాలు పడ్తాది. ఈడ మనిషి ఊపిరి గురకలు పెడతాంది.

యాకోబు డబ్బాకుండే బ్యాటరీ వైరు పీకేసినాడు. డబ్బా లైట్లన్నీ ఆరిపోయినాయి.

బ్యాటరీ బైకుకు తగిలించి, హనుమంతును టవల్‌తో తన నడుముకు కట్టుకోని నంద్యాల ఆస్పత్రికి చేర్చినాడు.

మూడో రోజు హనుమంతు కండ్లు తెరిచినాడు.

"నా మీద నీకేం పగప్పా? తలుపెందుకు పగలగొట్టినావ్?" అని అడిగినాడు యాకోబు.

"పగేందప్పా..." హనుమంతు గొంతు గుసగుసలాడింది. "నన్ను నరుకుతాండారు, కాపాడండని లోపల్నుంచి అరిసింది నువ్వే గదా? అందుకే గొడ్డలి తీసుకోని ఉరికొచ్చినా... చీకట్లో కడ్డీ పట్టుకోనుంటే నరికేటోడివనుకున్నా."

ఆ రాత్రి మిల్లులో ఉన్నంతసేపూ యాకోబు నోరే తెరవలేదు.