పొయ్యి అడుగున చెయ్యి

చెప్పిన తీర్పును అదే న్యాయమూర్తి మళ్లీ తిరగేసి చూడవచ్చా? ఈ సందేహం డిటెక్టివ్ సహాయకుడి మనసులో ఏళ్లుగా ఉంది. నుదుట రాసిన రాతను దేవుడే మళ్లీ చదవడని నమ్మే మనిషి అతను. ఒక్కసారి చదివితే బాగుండునని రోజూ దణ్ణం పెట్టుకునే మనిషీ అతనే.

ఆ ఉదయం వచ్చినావిడ కుర్చీ అంచున కూర్చుంది, లేచింది, మళ్లీ కూర్చుంది. భర్త పోయిన మనిషి.

"బేకరీ పొయ్యి మా మామగారు కట్టిందండీ. అందులో నా పిల్లలకీ వాటా ఉంది. మామగారు పోయాక తనే కట్టుకున్నానని మా బావగారు కోర్టులో చెప్పి నెగ్గాడు. అదే జడ్జిగారి దగ్గర రివ్యూ వేస్తానని ఇంట్లో నోరుజారాను. నిన్న రాత్రి ఎవరో పొయ్యి పగలగొట్టారు. కడుపుమంటతో నేనే చేశానని కేసు పెడతానంటున్నాడు."

"మామగారు ఎలా ఉండేవారు?" అన్నాడు డిటెక్టివ్.

"చూపుడువేలు సగమే. పిండి మరలో పోయింది. ఆ సగం వేలితోనే అందరికీ పనులు చూపించేవారు."

బేకరీలో పొయ్యి కప్పు చెక్కుచెదరలేదు. నేల పలకలు మాత్రం లేపి, గోడకు బుద్ధిగా ఆనించి ఉన్నాయి. నడిమి పలక లేదు. డిటెక్టివ్ లోపలికి చెయ్యి పెట్టి చూశాడు. మంచులా ఉంది.

"నిన్న రొట్టెలు కాల్చలేదా?"

"పిండి రాలేదు. మొన్నటి నుంచీ మంట లేదు," అన్నాడు బావగారు.

సహాయకుడు మూలనున్న పిండి మూటల కేసి చూశాడు. "మరి ఆ మూటలేంటి సార్, దిండ్లా?"

"కళ్లు తెరువు, నోరు మూసుకో," అన్నాడు డిటెక్టివ్ మెల్లగా.

సాయంత్రం డిటెక్టివ్ ఇంటివాళ్లందరినీ పొయ్యి ముందుకు పిలిచాడు.

"కడుపుమంటతో వచ్చినవాళ్లు ముందు కప్పు మీద గునపం వేస్తారు. ఈ పని నిదానంగా జరిగింది. వేడి పొయ్యిలో జరిగే పని కాదు. పిండి ఉండగానే మంట ఆపించింది మీరేనండీ. పొయ్యి కట్టేవాళ్లు నడిమి పలక పచ్చిగా ఉండగానే అడుగువైపు తమ గుర్తుగా చెయ్యి అద్దుతారు. బయటికి చెప్పుకోరు. అక్కడ వేళ్లన్నీ నిండుగా ఉంటే మీరు దాచేవారు కారు."

బావగారు నవ్వబోయాడు. "తీర్పు అయిపోయిందండీ. మళ్లీ తెరుస్తారా?"

"నచ్చలేదంటే తెరవరు. జడ్జిగారి ఆలోచన తప్పంటే పైకోర్టుకు పొమ్మంటారు. కానీ తీర్పులోనే కొట్టొచ్చినట్టు కనబడే పొరపాటు ఉన్నా, ఎంత వెతికినా అప్పుడు దొరకని ముఖ్యమైన సాక్ష్యం ఇప్పుడు దొరికినా ఆయనే మళ్లీ చూడొచ్చు. మండే పొయ్యి మీ చేతిలో ఉంటే దాని అడుగు ఆవిడెలా చూస్తుంది? ఆ పలక తెప్పించండి."

పలక లేకపోతే ఇదంతా ఉత్త మాటే.

అప్పుడు బావగారి భార్య లోపలికి వెళ్లి, దుప్పట్లో చుట్టిన బరువు ఒకటి మోసుకొచ్చింది.

"పగలగొడదామనే తెచ్చాడండీ. చెయ్యాడలేదు. తండ్రి చెయ్యి కదా."

దుప్పటి తొలగించి తోటికోడలి ఒళ్లో పెట్టింది. కాలిన మట్టిలో అరచెయ్యి. చూపుడువేలు సగమే. బావగారు తల తిప్పుకున్నాడు.

"అక్కా, రేపటి నుంచి ఈ ఇంట్లో నిన్ను..." అంది చిన్న కోడలు.

"నాకు పాలు పడనప్పుడు నా కొడుక్కి నువ్వు పాలిచ్చావు. ఇన్నేళ్లూ ఆ రుణం మోశాను. ఇవాళ్టికి తీరింది," అందామె. "రెండు చేతులా పట్టుకో. బరువుగా ఉంటుంది."