ఒక్క శాతం అభ్యర్థి

అన్సెల్మ్ చావడానికి నాలుగు నిమిషాలు పట్టింది.

ప్యారిస్‌కి ఉత్తరాన ఉన్న లీల్ నగరంలో నవంబరు ఉదయం. తపాలా యూనిఫాం వేసుకున్న మనిషి తలుపు తట్టి, రిజిస్టర్డ్ కవరు చూపించి, సంతకానికి కలం అందించాడు. అన్సెల్మ్ సంతకం పెట్టి తలుపు వేశాడు. "వేళ్లు తిమ్మిరెక్కుతున్నాయేంటి బెర్తీల్?" అన్నాడు. భార్య వంటింట్లోంచి వచ్చేసరికి మోకాళ్ల మీద కూలిపోయాడు. ఆమె ఒళ్లో తల పెట్టుకుని ఏదో చెప్పబోయాడు. నాలుక తిరగలేదు. కిటికీలోంచి చూస్తే, ఆ నకిలీ పోస్ట్‌మన్ బూడిదరంగు కారెక్కుతున్నాడు. వీపు మాత్రమే కనిపించింది. కారు నడుపుతున్నది ఎవరో ఆడమనిషి.

మొగుడూ పెళ్లాం ఇద్దరూ ఒకే గూఢచారి విభాగంలో పని చేసేవాళ్లు. అన్సెల్మ్ వెంటాడుతున్న పరాయి దేశపు ముఠాలో ఆ హంతకుణ్ని 'నోటరీ' అనేవారు. సంతకం పెట్టించి చంపుతాడు కాబట్టి ఆ పేరు. కలానికి పూసిన విషం చర్మంలోంచే ఎక్కుతుంది. పూసిన గంటలోపు వాడితేనే పనిచేస్తుంది.

ఆరేళ్లు గడిచాయి. బెర్తీల్ కజాలిస్‌కి నలభై ఆరు నిండాయి. ఆ ఆరేళ్లలో ఆమె సెలవు పెట్టలేదు, ఏడవలేదు, ఎవరినీ క్షమించలేదు.

ఆ ఏప్రిల్లో, అధ్యక్ష ఎన్నికల మొదటి రౌండుకి రెండు రోజుల ముందు, శుక్రవారం మధ్యాహ్నం చీఫ్ పెలిస్యే ఆమెను గదిలోకి పిలిచి ఒక కాగితం ముందుకు తోశాడు.

"ముఠా రేడియోలో పట్టుకున్నాం. చదువు."

రెండే వాక్యాలు. *అందరికంటే చిన్నవాణ్ని ఆదివారం పొద్దున పడుకోబెట్టాలి. నోటరీ ఊళ్లోనే ఉన్నాడు.*

ఆమె కాగితం బల్ల మీద పెట్టింది. "చిన్నవాడెవరు?"

"పన్నెండు మంది అభ్యర్థుల్లో అట్టడుగువాడు. ఫుల్జాన్స్ బార్తాస్. కొర్రేజ్ కొండల్లో పశువుల డాక్టరు. పల్లె బడులు మూసేయొద్దని పోటీ చేస్తున్నాడు. సర్వేల్లో ఒక్క శాతం."

"ఒక్క శాతం మనిషిని చంపి ఏం బావుకుంటారు?"

"రాజ్యాంగం చదివావా ఎప్పుడైనా?"

"పరీక్ష కోసం చదివాను. పరీక్ష అయ్యాక మర్చిపోయాను."

"మొదటి రౌండుకి ముందు అభ్యర్థి పోతే ఎన్నిక వాయిదా. చిన్నా పెద్దా తేడా లేదు. ముప్ఫై శాతం వాడైనా ముప్పాతిక శాతం వాడైనా చావు చావే."

"అయితే ఇవాళే చంపొచ్చుగా? ఆదివారం దాకా ఆగడం దేనికి?"

పెలిస్యే కళ్లజోడు తీశాడు. "ఇవాళ చంపితే తేదీ మారుతుంది, అంతే. ఆదివారం ఎనిమిదింటికి బూత్‌లు తెరిచాక చంపితే? సముద్రాల అవతలి దీవుల్లో మనవాళ్లు శనివారమే ఓటేసేస్తారు. ఇక్కడ జనం లైన్లో ఉంటారు. ఆపాలా, సాగించాలా? లా ప్రొఫెసర్లు జుట్లు పట్టుకుంటారు. చివరికి ఎవరు గెలిచినా ఓడినవాడు 'చెల్లదు' అంటాడు. రెండు వర్గాలూ రోడ్డెక్కుతాయి. ఒక్క తూటా పేల్చకుండా దేశాన్ని రెండు ముక్కలు చేస్తారు."

"ఆదివారం పొద్దున బార్తాస్ చేత సంతకం ఎవరు పెట్టిస్తారు?"

అడిగిన మరుక్షణమే ఆమెకు జవాబు తట్టింది. ఓటు పెట్టెలో పడ్డాక ఓటరు రిజిస్టరులో తన పేరు ఎదురుగా సంతకం చెయ్యాలి. పెట్టించేది చట్టమే.

"నోటరీ మొహం మనలో ఎవరూ చూడలేదు," అన్నాడు పెలిస్యే. "చూసింది ఇసోర్ ఒక్కతే. ఫోటోగ్రాఫరుగా ఆమెనూ పంపిస్తున్నా. వాడు కనబడగానే వాడి మీద వరుసగా రెండు ఫ్లాష్‌లు కొడుతుంది. అదే గుర్తు."

ఇసోర్ వాల్యే. గదిలోకి వస్తే మగాళ్లు మాట మధ్యలో ఆపేస్తారు. ముఠా మనిషే అయినా, రెండేళ్లుగా ఈ విభాగానికి కబుర్లు మోస్తోంది. పెలిస్యేకి ఆమె మీద గురి. బెర్తీల్‌కి లేదు. లీల్‌లో ఆ బూడిదరంగు కారు అద్దెకు తీసుకున్న కాగితం పోయిన నెలే ఆమె చేతికి దొరికింది. పేరు నకిలీది. చేతిరాత మాత్రం ఇసోర్‌ది. ఆ సంగతి బెర్తీల్ ఎవరికీ చెప్పలేదు.

"నోటరీ నాకు ప్రాణాలతో కావాలి," అన్నాడు పెలిస్యే. "అర్థమైందా? ఆ బూత్‌లో ఎవరి శవం లేచినా, నోటరీ శవమైనా సరే, పోలింగ్ ఆగుతుంది. వాళ్లకు కావలసింది అదే."

"అర్థమైంది," అంది బెర్తీల్. ఒప్పుకున్నానని మాత్రం అనలేదు.

శనివారం సేంత్-ఫోర్తునాద్ అనే ఆ కొండపల్లెలో, బార్తాస్ ఒక ఆవు పొట్ట మీద చెవి ఆనించి వింటూ దొరికాడు. అరవై ఏళ్ల భారీ మనిషి. సంగతంతా విని లేచాడు.

"రేపు మీరు సాయంత్రం వెళ్లి ఓటెయ్యండి డాక్టరుగారూ," అంది బెర్తీల్. "లేదంటే అసలు వెళ్లకండి."

"ఏంటీ? పోటీకి నిలబడాలంటే ఐదొందల మంది ఎన్నికైన వాళ్లు సంతకం చెయ్యాలని తెలుసుగా? ఒక్కో మేయరు ఇంటికీ నా పాత వ్యానులో పోయాను. కొందరు కుక్కల్ని వదిలారు. ఒకాయన తన గాడిదకి పురుడు పోస్తేనే సంతకం అన్నాడు, పోశాను. ఇన్ని చేసి రేపు మంచం కింద దాక్కోమంటావా? ఎనిమిదింటికి మొదటి ఓటు నాది. అంతే!"

ఒప్పించడం అయ్యే పని కాదని ఆమెకు తెలిసింది. "అయితే ఒక పని చెయ్యండి. మీ తరఫు అసెసర్‌గా, ఓటింగ్ బల్ల దగ్గర పర్యవేక్షించే మనిషిగా, నన్ను బూత్‌లో కూర్చోబెట్టండి. వెళ్లేముందు ఇది కుడిచేతికి కొట్టుకోండి." చిన్న స్ప్రే డబ్బా ఇచ్చింది. "కంటికి కనబడని పొర వస్తుంది. గంటసేపు విషం దిగదు."

ఆదివారం. ఏడున్నర. పోలింగ్ బూత్ ఊరి బడిలోనే. గోడల మీద పిల్లలు వేసిన కోళ్ల బొమ్మలు. ప్రిసైడింగ్ అధికారిణి మేయరమ్మ, మేడం పొలీన్ షసాన్యే. పారదర్శకమైన పెట్టెను తిరగేసి, ఖాళీ అని అందరికీ చూపించి, రెండు తాళాలూ వేసింది.

"మా నాన్న కూడా ఇక్కడ మేయరే," అంది బెర్తీల్‌తో, కవర్లు లెక్కపెడుతూ. "పందొమ్మిది వందల యాభై ఎనిమిదిలో అధ్యక్షుణ్ని ఎన్నుకున్న ఎనభై వేల పెద్దమనుషుల్లో ఆయనొకడు. అప్పుడు మామూలు జనానికి ఆ ఓటు లేదుగా. అరవై రెండులో అందరికీ ఇచ్చారు. మా నాన్న వారం రోజులు అలిగాడు. నాతో సమానంగా ఆ కసాయివాడు కూడా ఓటేస్తాడా అని!"

"అప్పట్లో మీ తాతకి కూడా ఆ ఓటు లేదు కదా పొలీన్, మీ నాన్న అలగడమేంటి," అన్నాడు రిజిస్టరు ముందు కూర్చున్న ముసలాయన, చెవి మిషన్ సర్దుకుంటూ. ఆయన మొస్యూ ఓబ్లే, రిటైరైన భూగోళం మాస్టారు. నాలుగేళ్ల క్రితం ఈ ఊరొచ్చి స్థిరపడ్డాడు. పేకాటలో దొంగాట ఆడని ఏకైక మనిషని ఊళ్లో పేరు. మేయరమ్మకు ఇంకోవైపు ఉప మేయరు రూవియేర్. గుబురు మీసాలు, కిందా పైనా చూసే కళ్లు, ఏప్రిల్ చలిలో కూడా చెమట.

బల్ల మీద దారంతో కట్టిన కలాన్ని బెర్తీల్ ముందే పరీక్ష చేయించింది. శుభ్రంగా ఉంది. బయట చావడిలో ఆమె మనుషులిద్దరు సైకిల్ పంక్చరు వేసుకుంటున్నట్టు కూర్చున్నారు.

ఇసోర్ వచ్చింది. చేతిలో కెమెరా, మెడలో పట్టు రుమాలు. ఆ పల్లెకి వచ్చిన ప్రెస్సు మొత్తం ఆమె ఒక్కతే. గది చుట్టూ తిరిగి ఫోటోలు తీసింది. మేయరమ్మని, కోళ్ల బొమ్మల్ని, గుమ్మంలో ముసలమ్మల్ని.

ఎనిమిది కొట్టింది.

"పోలింగ్ మొదలైంది!" అని ప్రకటించింది మేయరమ్మ.

బార్తాస్ లోపలికొచ్చాడు. అభ్యర్థికొకటి చొప్పున బల్ల మీదున్న చీటీల కట్టల్లోంచి ఒక్కొక్కటి తీసుకుని, తెర వెనక్కి వెళ్లి, ఒక చీటీ కవరులో పెట్టి బయటికొచ్చాడు. కవరు పెట్టెలో పడింది.

"ఓటు వేశారు!"

అప్పుడే టక్‌టక్‌మని రెండు ఫ్లాష్‌లు. రెండూ ఉప మేయరు రూవియేర్ మీద. అతను కళ్లు నులుముకుంటూ చెయ్యి జేబులో పెట్టాడు. గుమ్మం దగ్గర బెర్తీల్ మనుషులు లేచి నిలబడ్డారు.

బెర్తీల్ రూవియేర్ వైపు చూడలేదు. ఆమె ఇసోర్‌నే చూస్తోంది. ఇసోర్ ఈ గదిలో కోళ్ల బొమ్మల్ని కూడా వదలకుండా ఫోటో తీసింది. తియ్యనిది ఒక్కణ్నే.

ఆమె తల తిప్పింది. ఓబ్లే కళ్లజోడు పెట్టెలోంచి చేతిరుమాలుతో ఒక కలం తీసి, రిజిస్టరు మీద పెడుతున్నాడు.

"ఆ దారం కలం గీరుతోంది డాక్టరూ, ఇది తీసుకో."

బార్తాస్ కుడిచెయ్యి చాపాడు. ఆ చెయ్యి ఎర్రగా, తడిగా ఉంది. సబ్బు వాసన.

"మీ చెయ్యి!" అంది బెర్తీల్.

"తెల్లారగట్ల దూడ అడ్డం తిరిగిందమ్మా. మోచేతి దాకా కడుక్కుని వచ్చా. ఏం, మురికుందా?"

పొర లేదు. వేళ్లకీ కలానికీ మధ్య బెత్తెడు దూరం.

బెర్తీల్ రిజిస్టరును ఒక్క లాగు లాగింది. కలం దొర్లి నేల మీద పడింది. బార్తాస్ వేళ్లు ఖాళీ బల్ల మీద పడ్డాయి. ఆమె రుమాలుతో కలం తీసి, రిజిస్టరు తిప్పి, ఓబ్లే ముందు పెట్టింది. రెండో చేతిలో చిన్న పిస్టల్, బల్ల కింద, ఆయన మోకాలికి ఆనించి.

"మాస్టారూ, మీరింకా ఓటెయ్యలేదుగా," అంది నెమ్మదిగా. "సంతకం ఎలా పెడతారో చూపించండి. మీ కలంతోనే."

ఓబ్లే కదల్లేదు. చెవి మిషన్ వెనక చెమట చుక్క జారింది.

"పట్టుకోండి. లీల్‌లో మా ఆయన పట్టుకున్నాడు. అడగ్గానే, నవ్వుతూ."

ఆయన ముసలి చూపు మాయమై, దాని వెనకున్న మనిషి బయటికొచ్చాడు. ఆమె కలాన్ని అతని చేతికి ఇంకా దగ్గరగా జరిపింది. వేలెడు దూరం. ఆరేళ్లుగా ఆమె కలగన్నది ఆ వేలెడు దూరాన్నే. ఇంకొంచెం నెడితే చాలు, నాలుగు నిమిషాలు.

గుమ్మంలో ఒక ముసలమ్మ విసుక్కుంది. "ఏంటమ్మా ఆలస్యం? పొయ్యి మీద బాతు మాడిపోతోంది. నా ఓటెప్పుడు?"

బెర్తీల్ లైన్లో నిలబడ్డవాళ్ల వైపు చూసింది. కలం వెనక్కి తీసుకుంది.

"మొస్యూ ఓబ్లేకి ఒంట్లో బాగోలేదు," అంది గట్టిగా. సైకిల్ మనుషులిద్దరూ వచ్చి, చెరో రెక్కా పట్టుకుని లేపారు. మేయరమ్మ మొహం తెల్లబోయింది. అయినా దారం కలం బార్తాస్‌కి అందించింది. అతను సంతకం పెట్టాడు.

ఓబ్లేని గుమ్మం దాటిస్తుండగా బెర్తీల్ ఇసోర్ దగ్గరికి నడిచింది. అతనికి వినబడేలా, అతను చూస్తుండగా, రెండు బుగ్గల మీదా ముద్దు పెట్టుకుంది.

"భేష్ ఇసోర్! చెప్పినట్టే పట్టించావు. రెండేళ్ల నీ కష్టం ఫలించింది."

ఇసోర్ నవ్వు మొహం మీదే గడ్డకట్టింది. కాదంటే ఈ గదిలోనే బేడీలు. కాదనకపోతే వెళ్తున్నవాడు నమ్మేస్తాడు. ఓబ్లే వెనక్కి తిరిగి ఆమె వైపు ఒక్క చూపు చూశాడు. ఆ చూపుకి రెక్క పట్టుకున్న మనిషే అడుగు వెనక్కి వేశాడు.

తొమ్మిదింటికల్లా, పిల్లలు కోట్లు తగిలించుకునే గదిలో కూర్చుని ఓబ్లే మాట్లాడటం మొదలుపెట్టాడు. ఎవరూ కొట్టలేదు. ఇసోర్ అసలు పేరు, ఇల్లు, ఆమె కబుర్లు పంపే దారి ముందు చెప్పాడు. దాంతో ఆగలేదు. ఆమెను తెచ్చినవాడు, ఆమెతో పడుకున్నవాడు, ఆమెను నమ్మమన్నవాడు, ఒక్కొక్కణ్నీ కసిగా లాగాడు. మధ్యాహ్నానికి ప్యారిస్‌లో పదకొండు మందిని పట్టుకున్నారు. పెలిస్యే ఫోన్లో నోరెళ్లబెట్టాడు.

ఈలోగా గోడ ఇవతల బెర్తీల్ రిజిస్టరు ముందు కూర్చుని, రోజంతా ఒక్కో ఓటరుకీ గడి చూపిస్తూ "ఇక్కడ పెట్టండి" అంటూనే ఉంది.

ఏడింటికి పోలింగ్ ముగిశాక బేడీలతో ఇసోర్‌ని కారెక్కిస్తున్నారు.

"వాడికి అబద్ధం చెప్పావు," అంది ఇసోర్. "నేనెప్పుడూ వాడికి ద్రోహం చెయ్యలేదు. అది నీకు తెలుసు."

"తెలుసు. అందుకే చెప్పాను."

"వాడు జైల్లోంచైనా నన్ను చంపిస్తాడు!"

"లీల్‌లో బూడిదరంగు కారు నువ్వు నడుపుతున్నప్పుడు నేను కిటికీలో ఉన్నాను," అంది బెర్తీల్. "ఇక నుంచి ఎవడైనా తలుపు తట్టి సంతకం పెట్టమంటే, నీకు ఎలా ఉంటుందో చూసుకో."

కారు తలుపు తనే వేసింది. ఆరేళ్ల తర్వాత మొదటిసారి, బడి వెనక గోడకి ఆనుకుని ఏడ్చింది. తర్వాత మొహం కడుక్కుని లోపలికి వెళ్లింది. కవర్లు విప్పి లెక్కించేందుకు మనుషులు తక్కువయ్యారు.

పెట్టెలో రెండొందల పద్నాలుగు ఓట్లు. సొంత ఊళ్లో బార్తాస్‌కి వచ్చినవి పంతొమ్మిది. ఎనిమిదింటికి రేడియోలో దేశం మొత్తం అంచనాలు చెప్పారు. మొదటి ఇద్దరూ రెండో రౌండుకి వెళ్లారు. బార్తాస్‌ది చిట్టచివరి పేరు. పూర్తి ఒక్క శాతం కూడా లేదు.

మేయరమ్మ గ్లాసుల్లో వైను పోసింది. బార్తాస్ ఒకటి అందుకుని ఒక గుక్క తాగాడు.

"అంటే, నా పోటీని సీరియస్‌గా తీసుకున్నది ఆ పరాయి దేశం ఒక్కటే అన్నమాట," అన్నాడు. "వాళ్లకి ఓటు హక్కు లేకపోయిందే!"